పైపంచె కొంగున ముడి

ఉదయం ఏడు గంటల ఇరవై నిమిషాలకు మా వారు కంద వండమన్నారు.

వేళ ఇంత కచ్చితంగా చెప్పగలగడానికి కారణం సావిట్లో ఉన్న గోడ గడియారం. ఆయన రోజూ ఆ వేళకే దానికి కీ ఇచ్చేవారు. మా మామగారు బతికుండగా అలా ఇచ్చేవారట, అందుకని. పది తిప్పులు తిప్పి, అద్దం తలుపు మూసి, తాళంచెవి పక్కనున్న మేకుకు తగిలించేవారు. ఆ రోజు నేను వంటింటి గడప దగ్గర నిలబడి, "కందా, అరటికాయా?" అని అడిగాను. రెండూ ఇంట్లో ఉన్నాయి. ఆయన వెనక్కి తిరగకుండానే, "కంద. దొడ్లో బచ్చలి ఉందిగా" అన్నారు.

అది స్వాతంత్ర్యం రావడానికి ముందు ఏడు, మాఘమాసం. నాకు ఇరవయ్యారేళ్లు. ఆ తరువాత ఆయన పన్నెండేళ్లు బతికారు. ఆ పన్నెండేళ్లలో, రెండింటిలో ఏది కావాలో ఆయన నాకు మళ్లీ చెప్పలేదు.

మా ఊరు రాజోలు తాలూకాలో వసిష్ఠ గోదావరి గట్టుకు దగ్గర. మా వారిది వేదం చదువుకున్న కుటుంబం. ఎనిమిదో ఏట గురువుగారి ఇంట్లో కూర్చుని మొదలుపెట్టి, పద్నాలుగేళ్లు చదివారు. మాట తక్కువ మనిషి. అడిగిన దానికి కొంచెం ఆగి జవాబు చెప్పేవారు. ఊళ్లో అన్నదమ్ములు ఏదైనా తేల్చుకోలేకపోతే వచ్చి మా అరుగు మీద కూర్చునేవారు. ఆయన ఒకటి చెప్పేవారు, వాళ్లు లేచి వెళ్లేవారు.

ఆ రోజు దొడ్లో కొబ్బరి దింపు. రెండు నెలలకోసారి చెట్టెక్కి ముదిరిన కాయలు దింపే మనిషి ఒకడు మాకు ఎప్పటినుంచో వాడుక. వాడి తండ్రి కూడా మా చెట్లే ఎక్కేవాడు. పైన మనిషి ఉండగా చెట్టు కిందికి పోకూడదని, పోవలసి వస్తే తల ఎత్తకుండా గబగబా దాటిపోవాలని మా వైపు పిల్లలకు నడక రాగానే నేర్పుతారు. ఆయనకూ తెలుసు. ఎప్పుడూ నూతి దగ్గర నిలబడి, అక్కడినుంచి చూసి ఏ గెల దింపాలో ఏది ఉంచాలో చెప్పేవారు. ఆ రోజు ఇంకా నూతి దాకా వెళ్లలేదు. దారిలో ఉండగానే పైనుంచి వాడు అడిగాడు.

"పంతులుగారూ, ఈ గెల దింపనాండి, ఉంచనాండి?"

ఆయన ఉన్నచోటనే ఆగి, తల ఎత్తారు. ఎండిన కాయ ఒకటి ఊడి వచ్చింది.

నేను వంటింట్లో కంద చెక్కు తీస్తున్నాను. కేక విని పరుగెత్తాను. చేతులకు కంద దురద ఉండగానే ఆయన తల ఒళ్లో పెట్టుకున్నాను. కనుబొమలకు పైన ఎముక లోపలికి నొక్కుకుపోయి ఉంది. సూటిగా పడి ఉంటే అక్కడికక్కడే పోయేవారని, రాసుకుంటూ పోవడం వల్ల బతికారని తరువాత అందరూ అన్నారు. అమలాపురం నుంచి డాక్టరు పడవ మీద వచ్చి చూసి వెళ్లారు. చెక్కిన కంద రెండు రోజులు అలాగే ఉండి నల్లబడితే మా అత్తగారు తీసి పారేశారు.

ఇరవై రోజులకు ఆయన కళ్లు తెరిచారు. మొదటి మాట, "గడియారానికి కీ ఇచ్చేరా?" అని. మా అత్తగారు ఏడుస్తూ నవ్వారు.

లేచి తిరగడానికి మరో నెల పట్టింది. లేచిన మొదటి ఉదయం వేళకు గడియారం దగ్గరికి వెళ్లి కీ ఇవ్వడం మొదలుపెట్టారు. నేను చూస్తూ నిలబడ్డాను. పది తిప్పులయ్యాయి. పదిహేనయ్యాయి. చెయ్యి ఆగలేదు. "చాలండి" అన్నాను. "ఆయ్, చాలు" అన్నారు, తిప్పుతూనే. లోపల ఏదో తెగిన చప్పుడయింది. అప్పుడు కూడా ఆయన ముఖంలో ఏమీ లేదు. తాళంచెవి మేకుకు తగిలించి వెళ్లి పీట మీద కూర్చున్నారు. మా అత్తగారు అడిగితే, స్ప్రింగు పాతదయిందని చెప్పాను.

అటువంటివి ఇంకా జరిగాయి. వడ్డిస్తున్నంతసేపూ తినేవారు, వడ్డన ఆపితే ఆపేసేవారు. మా అత్తగారు దేవుడి గదిలో బెల్లం ముక్క దాచుకుని తింటుందని పేరంటానికి వచ్చినవాళ్ల ముందు చెప్పేశారు. అది నిజమే. ఆవిడ ఆ రోజంతా ఎవరితోనూ మాట్లాడలేదు. నాకు కోపం రావలసిన మాటలు ఉన్నాయి, ఆశ్చర్యం కలిగించినవీ ఉన్నాయి. పెళ్లయిన పదమూడేళ్లలో నా వంట గురించి ఆయన ఒక్క మాట అనలేదు. ఇప్పుడు పులుసు కలుపుకుంటూ, "నీ చెయ్యి మంచిది" అన్నారు. ఆ మాట అన్నది ఆయనా, ఆ దెబ్బా అని చాలాకాలం ఆలోచించాను. తరువాత ఆలోచించడం మానేసి, తీసుకున్నాను.

వేసవిలో గురువుగారు చూడటానికి వచ్చారు. ఆయనకు అప్పటికి డెబ్భై దాటింది. మా బావగారు, అంటే మా వారి అన్నగారు, తమ్ముడికి కొంచెం తేడా ఉన్నట్టుందని నెమ్మదిగా చెప్పారు. గురువుగారు, "చూద్దాం" అని, మా వారిని ఎదురుగా కూర్చోబెట్టుకుని పనస అడిగారు. పనస అంటే వేదంలో యాభై మాటల తునక. అడిగేవారు మొదటి రెండు మాటలు అందిస్తారు. చెప్పేవారు అక్కడినుంచి స్వరం తప్పకుండా అందుకోవాలి. మా వాళ్లలో మనిషి ఆరోగ్యం, బుద్ధి, సంపాదన అన్నీ దానితోనే చూస్తారు. గురువుగారు ఒకచోటినుంచి కాదు, తొమ్మిది చోట్లనుంచి అడిగారు. ఒక్క అక్షరం తొణకలేదు.

"బుద్ధి చెక్కు చెదరలేదురా" అన్నారు గురువుగారు మా బావగారితో. "నీకే ఏదో అనుమానం. చవితి సభకి తీసుకురా."

అంతకన్న మాకు కావలసింది లేదు. ఆ రోజు నేను గారెలు చేశాను. గడియారం సంగతి గురువుగారితో చెప్పి ఉండవచ్చు. చెప్పలేదు.

భాద్రపదంలో వినాయక చవితి నవరాత్రులకు పొరుగూళ్లో వేదసభ జరిగింది. బావగారు వెంట తీసుకువెళ్లారు. మూడో రోజు సాయంత్రం ఇద్దరూ తిరిగి వచ్చారు. బావగారు కాళ్లు కడుక్కోకుండానే అరుగు మీద కూర్చుండిపోయారు.

"ఏమయిందిరా?" అని మా అత్తగారు అడిగారు.

"వీడు మాట ఇచ్చేడమ్మా."

"ఏమిటిచ్చేడు?"

"రెండోవాణ్ణి."

మాకు ఇద్దరు కొడుకులు. పెద్దవాడికి ఆరేళ్లు, రెండోవాడికి మూడు. ఐనవిల్లి వైపునుంచి సభకు వచ్చిన ఒక గృహస్థుకు పిల్లలు లేరు. దత్తతకు వేదం ఉన్న కుటుంబం నుంచి పిల్లవాడు కావాలని చూస్తున్నారట. మా వారి పక్కన కూర్చుని, మీకెందరు పిల్లలని అడిగి, రెండోవాణ్ణి మాకిస్తారా అని అడిగారట. మా వారు, "ఆయ్, తీసుకెళ్లండి" అన్నారట. నలుగురు పండితుల ఎదుట తాంబూలం పుచ్చుకున్నారు.

"నేను స్నానానికి వెళ్లేను. వచ్చేసరికి తాంబూలం వీడి చేతిలో ఉంది" అన్నారు బావగారు.

మా వారు అప్పుడు గుమ్మంలో కూర్చుని ఉన్నారు. ఆయన ఒళ్లో రెండోవాడే ఉన్నాడు. సభనుంచి తెచ్చిన ఉండ్రాయి తుంపి వాడి నోట్లో పెడుతున్నారు. మా అత్తగారు వెళ్లి పక్కన కూర్చున్నారు.

"నాయనా, వీణ్ణి ఇచ్చేస్తానన్నావా?"

"ఆయ్."

"ఎందుకన్నావు?"

"అడిగేరు."

"వీడు వెళ్లిపోతే నీకు బెంగగా ఉండదూ?"

"ఉంటుంది."

"మరి?"

"అడిగేరు కదమ్మా."

ఆయన గొంతులో దాపరికం లేదు, మొండితనమూ లేదు. పిల్లవాడు వెళ్లిపోతే ఏమవుతుందో ఆయనకు అంతా తెలుసు. ఎవరికీ రెండో కొడుకును తేలిగ్గా ఇవ్వకూడదని పదిమందికి చెప్పిన మనిషి. తెలిసినది తెలిసినట్టే ఉంది, అడిగినవాళ్లకు 'ఆయ్' అనడం దాని దారిన అది వచ్చింది.

బావగారు చెడ్డవారు కారు. ఈ మాట ముందే చెప్పడం న్యాయం. ఆ రాత్రి భోజనాలయ్యాక ఆయన మా అత్తగారినీ నన్నూ కూర్చోబెట్టి చెప్పారు.

"అమ్మా, వీడికి మతి సరిగా లేదని నలుగురిలో చెబితే పిల్లవాడు దక్కుతాడు. మతి లేనివాడి మాట మాట కాదు. కాని ఆ పైన వీణ్ణి వీధిలో వదలడం కుదరదు. ఇవాళ కొడుకుని ఇచ్చేడు. రేపు ఎవరో ఏట్లో దిగమంటే దిగుతాడు. సభలో మళ్లీ కూర్చోబెట్టరు. ఉత్తరం గదికి బయటనుంచి గడియ పెట్టిస్తాను. వడ్రంగితో చెప్పేను."

"లేకపోతే?" అన్నారు మా అత్తగారు.

"లేకపోతే వీడు బాగానే ఉన్నాడు. బాగున్నవాడి మాట ప్రకారం పిల్లవాణ్ణి పంపాలి."

ఉత్తరం గదిలో మేము కొబ్బరికాయలు పోసుకునేవాళ్లం. ఒక కిటికీ ఉండేది, చెయ్యి పట్టేటంత. మర్నాడు వడ్రంగి వచ్చి తలుపు కొలత తీసుకువెళ్లాడు. మా వారు పక్కన నిలబడి కర్ర పట్టుకుని సాయం చేశారు.

ఐనవిల్లివాళ్లు పిల్లవాడి కోసం వచ్చేదాకా నాకు ఎనిమిది రోజులు గడువు. ఆ ఎనిమిది రోజులూ నేను ఒకటే ఆలోచించాను. ఆయన సరిగా లేరని నేను నోరు తెరిచి చెబితే చాలు. గడియారం ఉంది సాక్ష్యానికి. చెబుదామని నోటిదాకా వచ్చినప్పుడల్లా ఆ కిటికీ కనిపించేది. చెప్పకుండా ఉందామనుకుంటే రెండోవాడు కొంగు పట్టుకుని వెనకే తిరిగేవాడు.

వస్తామని చెప్పిన రోజున ఐనవిల్లి గృహస్థు, ఆయన భార్య కాలవలో పడవ మీద వచ్చారు. ఆవిడ నాకన్న అయిదారేళ్లు పెద్ద. బుట్టలో చిన్న జరీ అంచు పంచె, రెండు చొక్కాలు, వెండి మొలతాడు తెచ్చింది. గుమ్మంలోకి వస్తూనే పిల్లవాడి కోసం చూసింది కాని, చెయ్యి చాపలేదు. ఆ ఆగడం నేను గమనించాను. సాక్ష్యానికని గురువుగారు, మరో ఇద్దరు పెద్దలు వచ్చి సావిట్లో కూర్చున్నారు.

గురువుగారు ముందు పనస అడిగారు. సభామర్యాద అదే. మా వారు కళ్లు మూసుకుని చెప్పారు. గొంతు ఎప్పటికన్న బాగుంది. గురువుగారు పైపంచెతో కళ్లు తుడుచుకున్నారు.

"ఇంత నిర్మలంగా చెప్పగలవాడి మాటని మనం ఎలా కాదంటాం?" అన్నారు. బావగారు తల దించుకున్నారు. మా అత్తగారు నా వైపు చూశారు. నేను స్తంభం పట్టుకుని నిలబడి ఉన్నాను.

ఆ రోజు దింపు కూడా ఉంది. మనిషి దొడ్డివైపు వాకిట్లో, మోకు భుజాన వేసుకుని ఎండలో నిలబడి ఉన్నాడు. వాడు అక్కడున్నాడని ఎవరూ పట్టించుకోలేదు. ఆ కాలంలో వాడు సావిట్లో పెద్దలతో మాట్లాడటం ఉండేది కాదు.

"ఓ మాట సెప్పొచ్చాండి?" అన్నాడు.

బావగారు విసుగ్గా, "తరవాత చెబుదువుగాని, ఉండు" అన్నారు.

"తరవాతైతే పన్లేదండి" అన్నాడు వాడు.

గురువుగారు, "చెప్పనీ" అన్నారు.

"పంతులుగారు సదివింది మర్చిపోరండి. అదెలా మర్చిపోతారండి, నేను సెట్టెక్కడం మర్చిపోతానాండి? కాని ఆరి నుదుటికి దెబ్బ తగిలిన కాణ్ణించి నేనడుగుతానే ఉన్నానండి. దింపనా, ఉంచనా అంటే, ఉంచు అంటారండి. ఉంచనా, దింపనా అంటే, దింపు అంటారండి. ఎనకాల ఏ మాటుంటే ఆ మాటేనండి. ఓసారి పిందెలు కూడా దింపెయ్యనా అనడిగేనండి. దింపెయ్యి అన్నారండి."

"దింపేసేవా?" అన్నారు బావగారు, లేచి.

"నేనెందుకు దింపుతానండి? నాకు సెట్టు కనపడదాండి?"

అప్పటికి మూడు దింపులయ్యాయి. ఆ మూడింటికీ మా దొడ్లో ఏది దింపాలో ఏది ఉంచాలో వాడే తేల్చుకున్నాడు. ప్రతిసారీ ముందు కింద నిలబడి మా వారిని అడిగేవాడు. ఆయన చెప్పినట్టే చేస్తున్నట్టు పైకెక్కి, చెయ్యవలసినట్టు చేసేవాడు. మాకు ఎవరికీ తెలియలేదు.

"ఇన్నాళ్లూ చెప్పలేదేం?" అన్నారు బావగారు.

"ఏమని సెప్పనండి? ఆర్ని పైకి సూసేలా సేసింది నేనే కదండి. నేనడక్కపోతే ఆరు తలెత్తేవోరు కాదండి."

మా అత్తగారు లేచి వంటింట్లోకి వెళ్లారు. ఒక చేత్తో కంద, ఒక చేత్తో అరటికాయల అత్తం తెచ్చి మా వారి ముందు పెట్టారు. పెద్దల ఎదుట ఆవిడ అలా వచ్చి కూర్చోవడం నేను ఎప్పుడూ చూడలేదు.

"నాయనా, మధ్యాహ్నానికి ఏది వండమంటావు?"

ఆయన రెండింటినీ చూశారు. శ్రద్ధగా చూశారు. "కందకి దురద ఉంటుంది, చింతపండు పడాలి. బచ్చలి కలిపితే బాగుంటుంది. అరటికాయ అయితే ఆవ పెట్టుకోవచ్చు. ఆబ్దికానికి రెండూ పనికొస్తాయి" అన్నారు.

"బాగుంది. ఏది వండమంటావు?"

"కంద వేడి చేస్తుందంటారు. అరటికాయ పిల్లలు తింటారు."

"ఏది?"

ఆయన కంద చేతిలోకి తీసుకున్నారు. కింద పెట్టారు. అరటికాయ తీసుకున్నారు. కింద పెట్టారు. మళ్లీ కంద. ఆయన ముఖం మీద చెమట పట్టింది. మా గడియారం ఆగిపోయి ఉంది కనక ఎంతసేపో చెప్పలేను. వాకిట్లో ఎండ గడప దాకా వచ్చింది. గురువుగారు కళ్లు తిప్పకుండా చూస్తున్నారు. చివరికి మా వారు చుట్టూ చూసి, స్తంభం దగ్గరున్న నన్ను చూశారు.

"నువ్వు చెప్పు" అన్నారు.

పెద్దల ఎదుట ఆయన నన్ను పలకరించడం అదే మొదలు. "అరటికాయ వండుతానండి" అన్నాను. ఆయనకు ఎంత తేలికయిందో అందరూ చూశారు. ఎవరో ఆయన తలమీంచి బరువు దించినట్టు, గోడకు చేరగిలబడి నవ్వారు.

గురువుగారు అన్నారు. "తప్పు నాది. నాకు తెలిసిందే నేను అడిగేను. అడగవలసింది అడగలేదు."

ఐనవిల్లి గృహస్థు లేచి నిలబడ్డారు. ఆయన కోప్పడవచ్చు, నలుగురిలో తాంబూలం ఇచ్చిన మనిషి. "నేను అడగడం అడిగేనండి. వారు ఇవ్వలేదు" అన్నారు. అంతే అన్నారు. భార్యకు చెప్పవలసిన అవసరం లేకపోయింది. ఆవిడ బుట్ట నా ముందు పెట్టి లేవబోయింది.

"బట్టలు తీసుకెళ్లండి అక్కయ్యగారూ" అన్నాను.

"వీడి కొలతకి కుట్టించేనమ్మా. ఇంకెవరికి సరిపోతాయి?" అంది. ఇద్దరూ భోజనం చేసి వెళ్లారు. ఆవిడ అరటికాయ కూర మారు వడ్డించుకుంది. ఆ తరువాత రెండేళ్లకు వాళ్లకు ఒక పిల్లవాడు దత్తతకు దొరికాడని విన్నాను. విన్న రోజు నాకు అన్నం సయించింది.

భోజనాలయ్యాక బావగారు మళ్లీ అసలు సంగతికి వచ్చారు. "సభలో సరేనండి. మరి వీధిలో? రేవులో?"

మా వైపు ఏదైనా మరిచిపోకుండా ఉండటానికి కొంగున ముడి వేసుకోవడం ఆడవాళ్లకు అలవాటు. మా అత్తగారు కొడుకు పైపంచె కొంగు తీసుకుని ముడి వేశారు. "ఈ ముడి ఉంటే ఇంట్లో ఆలోచన అయినట్టు. ముడి లేకపోతే వాడు ఏమన్నా అననట్టే. ఊళ్లో అందరికీ చెప్పు. గడియ వద్దు" అన్నారు.

గురువుగారు సభలో తామే చెప్పారు. ఆయన్ని పనస అడగవచ్చు, మాట అడగకూడదని. చెప్పి, తాము వేసవిలో పొరబడ్డ సంగతి కూడా చెప్పారు. అంత పెద్దాయన పదిమందిలో అలా చెప్పవలసిన పని లేదు. మా వారు ఆ తరువాత పదకొండు సభల్లో కూర్చున్నారు. వడ్రంగి అప్పటికే గడియకు కొయ్య చెక్కి తెచ్చాడు. మా అత్తగారు దాన్ని కత్తిపీటకు చెక్కగా బిగించమన్నారు.

ఊరు ఆ ముడిని పాటించింది. బట్టల దుకాణంవాళ్లు ఆయన నచ్చిందన్నదల్లా తీసి మడత పెట్టి, ముడి కోసం చూసి, లేకపోతే నవ్వుతూ మళ్లీ సర్దేసేవారు. సఖినేటిపల్లి రేవులో పడవ నడిపే ముసలాయన మరీ పట్టింపు మనిషి. జనం పడవ ఎక్కుతుంటే ఈయనకూ ఎక్కాలనిపించేది. అందరూ కదిలితే కదిలేవారు.

"ముడేదండి పంతులుగారూ?" అనేవాడు.

"లేదు."

"అయితే అమ్మగారు నరసాపురం వెళ్లమన్లేదన్నమాటండి."

"ఆయ్, అనలేదు."

"మరి నా పడవకేం తెగులండి, మిమ్మల్నెక్కించుకోడానికి? రండి, ఇలా రేవు సావిట్లో కూకోండి."

ఒకసారి నిజంగానే నరసాపురంలో పని ఉండి నేనే ముడి వేసి పంపాను. దారిలో ఊడిపోయింది. పొద్దున్న వెళ్లిన మనిషి మధ్యాహ్నం దాకా రేవులోనే కూర్చున్నారు. నువ్వే ముడి వేసి ఎక్కించెయ్యరాదా అని ఎవరో అంటే, పడవాయన, "అది అమ్మగారు కట్టాలి. నేను కడితే అది ముడా?" అన్నాడట. మనిషిని పంపి నన్ను పిలిపించాడు. నేను వెళ్లి కట్టాను. ఎక్కినవాళ్లు ఎవరూ ఆలస్యమైందని అనలేదు.

మా అత్తగారు పోయాక ముడి నేనే వేస్తూ వచ్చాను. పెద్దవాడు కాకినాడలో చదువుకు చేరినప్పుడు అక్కడ ఒక డాక్టరుగారికి మా వారిని చూపించాం. వైద్యం ఏమీ లేదన్నారు. కాని గంటసేపు కూర్చోబెట్టుకుని చెప్పారు. నుదుటి వెనక ఉండే మెదడు భాగం దెబ్బతింటే చదువు పోదు, జ్ఞాపకం పోదు, మంచి చెడ్డ తెలియడమూ పోదు. తెలిసినవాటిలోంచి ఒకటి పట్టుకుని మిగిలినవి వదిలే శక్తి పోతుంది. నోటికి వచ్చినది ఆపే శక్తి పోతుంది. మొదలుపెట్టిన చెయ్యి ఆగదు. నేను గడియారం సంగతి చెప్పాను, మొదటిసారి. డాక్టరుగారు తల ఊపారు. కొంగున ముడి సంగతి కూడా చెప్పాను. ఆయన పెన్ను కింద పెట్టారు.

"ఆ ఏర్పాటు ఎవరు చేసేరమ్మా?"

"మా అత్తగారండి. దింపు తీసే మనిషీ."

"నేను ఇంతకన్న మంచిది చెప్పలేను" అన్నారు.

మెదడులోని ఆ భాగం గురించి తరువాత దొరికినంత మటుకు చదివాను. చదివినదానిలో నాకు కొత్తగా తెలిసింది తక్కువ. ఆ దింపు మనిషి ఎండలో నిలబడి చెప్పిన నాలుగు మాటల్లోనే అదంతా ఉంది. ఆయన ఆ మాటలు చెప్పడానికి ఎంత సంకోచించాడో, చెప్పకపోతే నా ఇంట్లో ఏమయ్యేదో, నేను ఆయనకు ఎప్పుడూ సరిగా చెప్పలేదు. ఇంతదాకా నేను ఆయన్ని వాడు అనే రాశాను. అప్పట్లో అలాగే అనేవాళ్లం. ఈ రాతకు ఉన్న ఒక కారణం ఆ బాకీ.

మా వారు పోయింది కూడా మాఘమాసంలోనే. జ్వరం, నాలుగు రోజులు. మూడో రోజు కూడా పక్కన కూర్చున్నవాళ్లు అడిగితే పనస చెప్పారు. నాలుగో రోజు తెల్లవారాక పోయారు. గట్టున దహనానికి ఏర్పాట్లు చేస్తున్నారు. దింపు మనిషి వచ్చి వాకిట్లో నిలబడ్డాడు. అప్పటికి జుట్టు నెరిసింది, చెట్లు కొడుకు ఎక్కుతున్నాడు. మోసేవాళ్లు వంగబోతుంటే అడిగాడు.

"అమ్మగారూ, ముడి కట్టేరాండి?"

పెద్దవాడు ఆయన వైపు చూశాడు. బావగారు పెద్దవాణ్ణి ఆగమని చెయ్యి ఎత్తి, నాకు దారి ఇచ్చారు. నేను వెళ్లి, మా వారి మీద కప్పిన పైపంచె కొంగు వెతికి, ముడి వేశాను. ఈ ప్రయాణం ఎవరు ఆలోచించారో, ఎవరు నిర్ణయించారో నాకు తెలియదు. ముడి మాత్రం నేనే వేశాను.

రెండోవాడు ఇప్పుడు రాజోలులో బడిపంతులు. ఆ జరీ అంచు పంచె చాలాకాలం వాడికే ఉండేది, తరువాత వాడి పిల్లవాడు కట్టాడు. గోడ గడియారం బాగుచేయించలేదు. కత్తిపీట నేను ఇంకా వాడుతున్నాను. వంటకు ఏది చెయ్యమంటావని కోడలు అడిగితే జవాబు చెప్పడానికి నాకు కొంచెంసేపు పడుతుంది.

పైపంచె కొంగున ముడి మా ఇంట్లో ఇప్పుడు ఎవరూ వెయ్యరు.